సంగం మిద్దె

సూళగిరి దాటి హోసూరు వైపు పోయే బస్సుల్లో కండక్టర్లు ఇప్పటికీ "సంగం, సంగం! ఎవరప్పా దిగేది?" అని కేకేస్తారు. ఏం సంగం, ఎవరి సంగం అని అడిగితే తల గోక్కుంటారు. మొన్నొకాయన "ఏమోలే అవ్వా, స్టాపింగు పేరు, అంతే" అన్నాడు. నాకు ఒళ్లు మండిపోయింది. అంతేనట! ఆ పేరు కోసం ఆడవాళ్లు నెత్తిన రాళ్లు మోశారు. మాదర్ సంగం, అంటే ఆడవాళ్ల సంఘం. బోర్డు తమిళంలో రాశారు కాబట్టి తెలుగువాళ్లమైనా మేమంతా అట్లాగే పిలిచేవాళ్లం. ఆ మిద్దె చరిత్ర ఎవరూ రాయలేదు. ఊళ్లో వాళ్లను అడిగితే వేరే కథ చెబుతారు. నాకు తెలిసింది నేను చెబుతాను, నచ్చితే వినండి.

మేం ఆ ఊరివాళ్లం కాము. మా నాయన కోలారు గనుల్లో పనికని పోయి అక్కడే ఇంకో సంసారం పెట్టుకున్నాడు. అప్పటికి చెల్లి అమ్మ కడుపులో ఉంది. వేప్పనపల్లి దగ్గర మా మేనమామ ఇంట్లో కొన్నాళ్లు తలదాచుకున్నాం. అత్త నోరు తెరిచి ఒక్క మాటా అనేది కాదు, సంగటి ముద్ద పళ్లెంలో పడేసే తీరులోనే అన్నీ అనేసేది. ఒకరోజు అమ్మ ఆ పళ్లెం అట్లాగే వదిలేసి లేచింది. నా చెయ్యి పట్టుకుని రోడ్డెక్కింది. ఎవరో చెబితే ఈ ఊరికి వచ్చాం. ఇక్కడంతా బండలు కొట్టే వాళ్ల ఇళ్లు. వీధి చివర ఆడవాళ్లంతా ఈ మిద్దె కోసం రాళ్లు మోస్తుంటే, వాళ్ల నాయకురాలిలా నిలబడిన ఒక ముసలామె దగ్గరికి పోయి మా అమ్మ "నాకూ ఒక గంప ఇయ్యవ్వా" అని అడిగింది.

ఆ అవ్వ గురించి చెప్పకుండా మిద్దె గురించి చెప్పలేను. బండలు కొట్టే మేస్త్రీ తల్లి ఆమె. పొగాకు నమిలేది, కొడుకులను బూతులు తిట్టేది, ఊళ్లో ఎవరి బిడ్డకు కడుపునొప్పి వచ్చినా అర్ధరాత్రి లేచి పోయేది. మేం రాకముందే హోసూరు బ్లాకాఫీసు నుంచి గ్రామసేవిక ఒకామె వచ్చి, ఆడవాళ్లు కలిసి కట్టుకుంటామంటే పొరంబోకు స్థలమూ, సున్నమూ, తలుపులకు చెక్కా ఇప్పిస్తామంది. మగవాళ్లు నవ్వారు. "ఆడోళ్లకు సంగమేంది? రచ్చబండ మీద మేము కూసునేది చాలదా?" అన్నారు. ఆ మాటకే అవ్వకు పంతం వచ్చింది.

గోడలు ఆడవాళ్లే లేపారు. పైకప్పుకు మాత్రం పొడుగాటి రాతిబండలు ఎక్కించాలి, అది మగవాళ్ల పని. ఇదిగో అదిగో అని వాళ్లు వాయిదాలు వేశారు. అవ్వ ఇల్లిల్లూ తిరిగి పొయ్యి వెలిగించవద్దని చెప్పింది. ఒక్క ఇంట్లోనూ సంగటి ఉడకలేదు. ఆకలికి ఆగలేక మగవాళ్లు మోకులు భుజాన వేసుకుని వచ్చి బండలు ఎక్కించారు. మా అమ్మ నిండు నెలలతో కింద నిలబడి చూస్తూ కడుపు పట్టుకుని నవ్వింది. ఆమె అంతగా నవ్వడం నేను మళ్లీ చూడలేదు. మిద్దెకు తలుపులు పెట్టకముందే దాని వెనక గదిలో చెల్లి పుట్టింది. అవ్వే బొడ్డు కోసింది.

ఆ వెనక గదే మా ఇల్లయింది. మిద్దెలో పెట్టిన బాలవాడికి, అంటే పసిపిల్లల బడికి, అమ్మను ఆయమ్మగా పెట్టుకున్నారు. పొద్దున్నే పిల్లలకు అమెరికా పాలపొడి కలిపి పోసేది, ముక్కులు తుడిచేది, కొట్లాడుకుంటే విడదీసేది. మధ్యాహ్నం గ్రామసేవిక వచ్చి పెద్దవాళ్లకు కుట్టుమిషను నేర్పేది. గవర్నమెంటు రేడియో ఒకటి ఇచ్చింది. అది మోగగానే మగవాళ్లు వసారాలోకి వచ్చి కూచోబోతే అవ్వ చీపురు తీసేది. నిజం చెప్పాలంటే ఆడవాళ్లు అక్కడికి కుట్టు కోసమూ రాలేదు, రేడియో కోసమూ రాలేదు. మామగారో బావగారో చూస్తారన్న జంకు లేకుండా కాళ్లు చాపుకుని కూచునే చోటు వాళ్లకు అదొక్కటే ఉండింది. మాకైతే నెత్తి మీద కప్పు ఉండింది. అది పోతే మళ్లీ అత్త పళ్లెమే గతి అని అమ్మకు తెలుసు, నాకూ తెలుసు.

మసూచి అని పుస్తకాల్లో రాస్తారు. మా వైపు ఆ మాట నోట అనరు. "అమ్మ వచ్చింది" అంటారు. ఒళ్లంతా పొక్కులు లేచిన మనిషిని రోగి అనుకోరు, అమ్మవారు, అంటే మారెమ్మ, దిగిన చోటనుకుంటారు. చెల్లికి మూడేళ్లు నిండిన ఏడు, చలికాలంలో టీకాలు వేసేవాళ్లు వస్తే తల్లులు పిల్లలను గడ్డివాముల్లో దాచేశారు. మా అమ్మ ఊరుకుందా! బాలవాడికి వచ్చిన బిడ్డల్నందరినీ వరుసగా కూచోబెట్టి టీకాలు వేయించింది. తల్లులు దుమ్మెత్తి పోశారు. "మా బిడ్డలను కోసేదానికి నువ్వెవరు?" అని ఒకామె అమ్మ కొంగు పట్టుకుంది. చెల్లికి ఆ పొద్దు జ్వరం. జ్వరం ఉన్న బిడ్డకు వేయకూడదని, మళ్లీ వచ్చినప్పుడు వేస్తామని చెప్పి ఆ టీకాలవాళ్లు పోయారు. పోయినవాళ్లు పోయినట్టే.

ఎండాకాలం మొదట్లో చెల్లికి ఒళ్లు కాలిపోయింది. రెండు మూడు రోజులు గడిచాక ముఖమంతా పొక్కులు లేచాయి. దానికి అప్పుడు నాలుగేళ్లు కూడా నిండలేదు.

అవ్వ వచ్చి వాకిట్లోంచే చూసి, చెప్పులు విడిచి, చేతులు జోడించింది. అంతే, మిద్దె రూపం మారిపోయింది. గుమ్మానికి వేపమండలు కట్టారు. బాలవాడి మూసేశారు. అమ్మవారు ఉన్న ఇంట్లో ఇనుము చప్పుడు కాకూడదని కుట్టుమిషను మీద గుడ్డ కప్పారు. రేడియో ఆపేశారు. తాలింపు వాసన రాకూడదు, తల దువ్వకూడదు, బయటివాళ్లు లోపలికి రాకూడదు. చెల్లిని వెనక గది నుంచి ముందున్న హాల్లోకి, గాలి తగిలే చోటికి తెచ్చి వేపాకు పరిచి పడుకోబెట్టారు. అమ్మ పక్కనే కూచుని వేపమండతో విసురుతూ ఉండేది. నన్ను దగ్గరికి రానిచ్చేది కాదు. నాకు టీకా ఉన్నా భయమే ఆమెకు. నేను గుమ్మం పక్కన కూచుని, ఊరివాళ్లు పెట్టిపోయిన మజ్జిగ లోపలికి జరిపేదాన్ని.

గ్రామసేవిక జీపులో వచ్చింది. హోసూరు ఆసుపత్రికి తీసుకుపోతాను, బిడ్డను దుప్పటిలో చుట్టి ఇయ్యమంది. అమ్మ ఆలోచించనైనా లేదు, చెల్లిని ఎత్తుకుని బయలుదేరింది. గుమ్మం దగ్గర అవ్వ అడ్డంగా కూచుని ఉంది. ఆమె పక్కన ఇంకొకామె, ఆమె పక్కన ఇంకొకామె.

"అమ్మ వచ్చిన చోటి నించి కదపరాదమ్మా," అంది అవ్వ. "కదిపితే ఇల్లిల్లూ దూరి ఊరంతా ఆడతాది."

"జరుగవ్వా. నీకు దండం పెడతా, జరుగు," అంది అమ్మ.

"నా మనవరాలు ఉండాది, ఈమె కొడుకు ఉండాడు. అందరి బిడ్డలూ నీ చేతుల్లో పెరిగినోళ్లే కదా. మమ్మల్ని తొక్కుకుంటా పోతావా? పో."

మా అమ్మ ఎవరిని తొక్కుకుంటూ పోగలదు? ప్రతి ఒక్కరితో కలిసి రాళ్లు మోసింది. వెనక్కు తిరిగి బిడ్డను మళ్లీ వేపాకు మీద పడుకోబెట్టింది. జీపు దగ్గర నిలబడి గ్రామసేవిక ఏడ్చింది. ఏడ్చి ఏం లాభం! జీపెక్కి పోయింది. మర్నాడు బ్లీచింగ్ పౌడరు పంపించింది. ఆ రోజుల్లో ఏ ఆసుపత్రిలోనూ దానికి మందు లేదని పెద్దయ్యాక తెలుసుకున్నాను. తెలిసినా నా కోపం చల్లారలేదు. కనీసం తీసుకుపోయామన్న తృప్తి అయినా అమ్మకు దక్కేది కదా.

తర్వాత రోజులు నేను వరుసగా చెప్పలేను. ముందు చెల్లి నీళ్లు అడిగేది, తర్వాత అడగడం మానేసింది. పొక్కులు కళ్ల మీదికి వచ్చి రెప్పలు అతుక్కుపోయాయి. ఒక మిట్టమధ్యాహ్నం, ఎండ హాలు సగం దాకా పరుచుకుని ఉంటే, అది "అమ్మా, దీపం పెట్టు" అంది. అమ్మ వేపమండ కింద పడేసింది. నేను గుమ్మం దగ్గర నోట్లో పావడ అంచు కుక్కుకున్నాను.

"పెట్టమ్మా, దీపం పెట్టు, యాడ ఉండావు?" అని అది మళ్లీ అడిగింది.

అవ్వ అదే అదనుగా లోపలికి వచ్చింది. అప్పుడు ఆమె అన్న మాటలకు ఆమెను తిట్టాలో వద్దో నాకు ఇప్పటికీ తేలదు. ఆ పొద్దున ఆమె మనవరాలికి కూడా ఒళ్లు వెచ్చబడింది. ఆమె కళ్లలో అంత భయం నేను ఎప్పుడూ చూడలేదు.

"మొక్కుకోమ్మా," అంది. "అమ్మకు ఈ చోటు నచ్చింది. అందుకే ఈడ కూసోండాది. ఈ ఇల్లు నీకే ఇస్తాము తల్లీ అని మొక్కుకో. దిగిపోతాది."

"ఈ ఇల్లు నాదా ఇచ్చేదానికి? అందరిదీ అవ్వా. నువ్వు కట్టించినావు. పొయ్యిలు ఆర్పించి కట్టించినావు కదా!"

"అందరినీ అడిగినాను. అందరూ సరే అన్నారు. బిడ్డ తల్లి నోట రావల్ల, అంతే."

"ఇది పోతే ఆడోళ్లు యాడ కూసుంటారు? నేను యాడికి పోతాను, ఇద్దరు ఆడబిడ్డలను పెట్టుకుని?"

"ఇద్దరూ ఉండల్ల కదా ముందు," అంది అవ్వ.

ఆ మాటకు మా అమ్మ తలెత్తింది. పైకప్పు వైపు చూసింది. ఆ బండలు ఎక్కిన రోజు నవ్విన మనిషే. ఆ తర్వాత చెల్లి తల దగ్గర నేలకు నుదురు ఆనించి, "తల్లీ, నా బిడ్డను నాకు వదిలెయ్యి. ఈ ఇల్లు నువ్వు తీసుకో," అంది. గట్టిగా చెప్పమంది అవ్వ, బయటి వాళ్లకు వినపడాలని. అమ్మ మళ్లీ గట్టిగా చెప్పింది. బయట ఆడవాళ్లు కూలబడి నేలకు దండాలు పెట్టారు.

మర్నాడు పొద్దెక్కాక చెల్లి పోయింది.

అమ్మవారు తీసుకుపోయిన బిడ్డకు ఏడవకూడదట. గొంతెత్తి ఏడిస్తే అమ్మవారికి కోపం వచ్చి ఇంకో ఇంట్లో దూరుతుందట. ఎవరో అమ్మ నోటికి కొంగు అడ్డం పెట్టి పట్టుకున్నారు. వేపాకులో చుట్టి, బండల వెనక్కు తీసుకుపోయి పూడ్చేసి వచ్చారు. మా అమ్మ కళ్లలోంచి ఒక్క చుక్క రాలనివ్వలేదు. నేను కూడా ఏడవలేదు. ఏడవకుండా ఉండటం ఎంత కష్టమో, ఏడ్చినవాళ్లకు తెలియదు.

అవ్వ మనవరాలి జ్వరం ఉత్త జ్వరంగా పోయింది. ఊళ్లో ఇంకెవరికీ రాలేదు. మైల రోజులు గడవకముందే ఆడవాళ్లు పసుపునీళ్లు పట్టుకుని మిద్దె కడగడానికి వచ్చారు. అమ్మకు అర్థం కాలేదు. "బిడ్డే లేదు, ఇంకేం మొక్కు?" అంది.

"అమ్మ మాట నిలబెట్టుకుంది కదమ్మా," అంది అవ్వ, ఎంతో మెత్తగా. "నీ బిడ్డను ఒకదాన్ని తీసుకుని ఊరి బిడ్డలందరినీ వదిలింది. నీ బిడ్డే ఇప్పుడు మాకు మారెమ్మ."

నాకు నోరు ఆగలేదు. "టీకాలు వేయించింది మా అమ్మ! మీరు తిడతా ఉంటే వేయించింది! దాని వల్ల బతికినారు మీ బిడ్డలు!" అని అరిచాను. చిన్నపిల్ల, అక్క కదా, బాధలో ఏదో అంటోందని ఒకామె నా తల నిమిరింది. అమ్మ నా మాటకు అవుననలేదు, కాదనలేదు. ఆ బిడ్డలు బతికి ఉండటం గురించి వాదించాలని ఆమెకు అనిపించలేదేమో.

కుట్టుమిషను పంచాయతీ గదికి పోయింది, అక్కడ తుప్పు పట్టింది. రేడియో టీకొట్టుకు పోయింది, మగవాళ్లు హాయిగా విన్నారు. చెల్లి పడుకున్న చోటే ఒక రాయి నిలబెట్టి పసుపు పూశారు. మేం అవ్వ వాళ్ల పశువుల కొట్టంలోకి మారాం. నాకు ఆ ఊరి మీద ఎంత అసహ్యం పుట్టిందంటే, రేపే క్రిష్ణగిరి పోదాం, మామిడితోపుల్లో కూలి చేసుకుందాం అని అమ్మ వెంట పడ్డాను. చివరికి అట్లాగే పోయాం. ముప్పై ఏళ్లు అక్కడే బతికాం. కానీ పోయే ముందు రోజు జరిగింది చెప్పాలి. ఆ రోజే రాతికి కళ్లు పెట్టారు.

పలకలు, అదే డప్పులు, మోగుతున్నాయి. వీధి వీధంతా అంబలి కుండలు నెత్తిన పెట్టుకుని వచ్చింది. అమ్మ కూడా వచ్చి మెట్టు ఎక్కబోయింది. ఒకామె చెయ్యి అడ్డం పెట్టింది. "నీకు అంటు ఉండాది కదక్కా. బిడ్డ పోయి ఇంకా దినాలు కాలేదు. బయటే ఉండు, ప్రసాదం తెచ్చి ఇస్తా."

"నా బిడ్డ అన్నారు కదా లోపల ఉండేది," అంది అమ్మ. "నా బిడ్డను చూసేదానికి నాకు అంటా?"

ఆమె అవ్వ వైపు చూసింది. అవ్వ తల అడ్డంగా ఊపింది. అమ్మ మెట్టు మీద మళ్లీ కాలు పెట్టింది. తన నెత్తి మీద మోసిన రాళ్లే ఆ మెట్లు. తర్వాత ఎవరి చెయ్యి తోసిందో, ఎట్లా తోసిందో, గుంపును చీల్చుకుని లోపలికి పోయింది. రాతి పక్కన పడుకుంది. అక్కడున్న వేపమండ ఒకటి తీసుకుని రాతికి విసరసాగింది. విసురుతూ విసురుతూ ఉంటే, ఇన్నాళ్లూ నోట్లో కుక్కుకున్న ఏడుపంతా ఒక్కసారి బయటికి వచ్చింది. అది మనిషి గొంతులా లేదు. జుట్టు విడిపోయింది, తల నేలకేసి కొట్టుకుంటోంది.

"అమ్మ పూనింది!" అని ఎవరో అరిచారు.

"పూనింది! పూనింది!"

పలకలు ఇంకా జోరందుకున్నాయి. ఆడవాళ్లు హారతులు పట్టుకుని తోసుకుంటూ వచ్చారు. నేను వాళ్ల మధ్య దూరి, "పూనలేదు! ఏడస్తా ఉండాది! మా అమ్మ ఏడస్తా ఉండాది, కనపడలేదా మీకు?" అని గొంతు చించుకున్నాను. ఎవరో నన్ను వెనక్కు లాగి పట్టుకున్నారు. అవ్వ, ఎవరికీ తల వంచని అవ్వ, మా అమ్మ కాళ్ల మీద సాగిలపడింది. "ఏం కావల్ల తల్లీ? ఏం కావల్లో అడుగు, ఇస్తాము!"

"నా బిడ్డను ఇయ్యండి," అంది అమ్మ.

ఆ తర్వాత అవ్వ లేచి, పక్కన నిలబడిన మనవరాలిని ఎత్తి మా అమ్మ పక్కలో పెట్టింది. "నీ బిడ్డే తల్లీ. కాపాడు." ఆ వెనకే ఇంకొకామె కొడుకును తెచ్చింది. ఇంకొకామె చంకలోని పసిదాన్ని. బాలవాడి పిల్లలందరినీ ఒకరి తర్వాత ఒకరిగా తెచ్చి ఆమె చుట్టూ, ఆమె మీద, ఆమె కాళ్ల దగ్గర పెట్టారు. కొందరు పలకల చప్పుడుకు జడిసి ఏడుస్తున్నారు. అమ్మ వాళ్లను చూసింది. వేపమండ పక్కన పెట్టి లేచి కూచుంది. అవ్వ మనవరాలి ముక్కు కారుతుంటే కొంగుతో తుడిచింది.

ఆ పిల్లకు చెల్లి ఈడే. రోజూ ఇద్దరూ ఒకే చాప మీద కూచునేవాళ్లు. అది అమ్మ ముఖంలోకి చూసి, రాతి వైపు చూసి, హాలంతా వెతికినట్టు చూసి, "ఆయమ్మా, పాప యాడ?" అంది.

అమ్మ దాన్ని గుండెలకు హత్తుకుంది.

"ఈడ లేదమ్మా," అంది దాని చెవిలో. "ఈడ ఎవరూ లేరు."

నన్ను పట్టుకున్న చేతులు విడిపించుకుని అప్పటికి నేను దగ్గరికి చేరాను కాబట్టి విన్నాను. మిగతావాళ్లు అమ్మవారు ఏదో వరమిచ్చిందనుకుని చేతులు పైకెత్తి మొక్కుతున్నారు.